నీటి అడుగున ఒక తెలుగు పూట

నాందేడువాళ్ళకు నీళ్ళంటే గోదావరి. పండగ స్నానానికి గోదావరి, అస్థికలు కలపడానికి గోదావరి, వరద వస్తే భయపడటానికీ గోదావరే. సముద్రం మాకు గోడమీది పటంలో నీలం రంగు మాత్రమే. అరేబియా సముద్రమూ దూరమే, బంగాళాఖాతమూ దూరమే. దక్కను పీఠభూమి నడిమధ్య నల్లరేగడిలో మా బతుకు.

అలాంటి ఊళ్ళో ముప్ఫై ఒక్క సంవత్సరాలు నేను మరాఠీ మాధ్యమం బడిలో భూగోళం చెప్పాను. నల్లబల్లమీద ‘ప్రవాళ’ అని రాసి, పగడపు దిబ్బలు మూడు రకాలని చెప్పేవాణ్ణి. తీరాన్ని అంటిపెట్టుకునేది ఒకటి, తీరానికి దూరంగా అడ్డుకట్టలా నిలిచేది ఇంకొకటి, నడుమ నీటి మడుగును ఉంచుకుని ఉంగరంలా చుట్టుకునేది మూడోది. ఈ మూడూ ఒకే కథలోని మూడు ఘట్టాలని డార్విన్ 1842లో పుస్తకం రాశాడని కూడా చెప్పేవాణ్ణి. ప్రతి సంవత్సరం ఎవరో ఒక పిల్లవాడు లేచి ఒకటే ప్రశ్న వేసేవాడు: “సర్, అది రాయా, చెట్టా, జంతువా?” మూడూ అని నా జవాబు. జంతువు ఒంట్లో కంటికి కనిపించనంత చిన్న నాచు మొక్కలు కాపురముంటాయి. ఆ జంతువు తన కింద సున్నపు రాయి కట్టుకుంటుంది. జవాబు సరైనదే. కాని పిల్లవాడి ముఖంలో తృప్తి కనిపించేది కాదు. చూసినవాడు చెప్పే మాట వేరు, చదివినవాడు చెప్పే మాట వేరు. పిల్లలకు ఆ తేడా ఇట్టే తెలిసిపోతుంది.

పదవీ విరమణ తర్వాత, 2025 ఫిబ్రవరిలో, హైదరాబాదులో ఉన్న మా అబ్బాయి అండమానుకు టిక్కెట్లు పంపాడు. మా ఊళ్ళో మరాఠీ మిత్రులు చాలామంది అక్కడికి వెళ్ళివచ్చినవాళ్ళే. వాళ్ళు వెళ్ళేది సెల్యులర్ జైలులో సావర్కర్ ఉన్న గది చూడటానికి. ఆ జైలుకు తెలుగువాళ్ళ సంబంధం కూడా తక్కువది కాదు. 1922-24 నాటి మన్యం పోరాటంలో అల్లూరి సీతారామరాజు వెంట నడిచినవాళ్ళలో కొందరిని ఆ ద్వీపాలకే పంపారు. ఆ జైలు చూశాం, దండం పెట్టుకున్నాం. కాని ఇక్కడ చెప్పదలచుకున్నది జైలు గురించి కాదు.

బయలుదేరే ముందు నా తలలో ఒక సంగతి తిరుగుతూ ఉంది. మేము కొందరం కలిసి ఆదివారం పూట తెలుగు తరగతి నడుపుతున్నాం. ఒకప్పుడు ఇరవై మంది పిల్లలు వచ్చేవాళ్ళు. ఇప్పుడు నలుగురు. మార్చిలో సమావేశం పెట్టి తరగతి ఉంచాలా, తీసేయాలా తేల్చాలనుకున్నాం. ఈ పత్రిక చదివేవాళ్ళకు మన సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. 1956 వరకు మనది హైదరాబాదు రాజ్యం. దెగ్లూరు, బిలోలి, ధర్మాబాదు, కిన్వట్ వైపు ఇప్పటికీ ఇళ్ళల్లో తెలుగు వినిపిస్తుంది. వినిపిస్తుంది, అంతే. కాగితం మీద మాత్రం కనిపించదు.

పోర్ట్‌బ్లెయిర్ పేరు 2024 సెప్టెంబరులో శ్రీవిజయపురం అయింది. అక్కడినుంచి ప్రభుత్వ ఓడలో రెండున్నర గంటలు ప్రయాణిస్తే స్వరాజ్ ద్వీప్ వస్తుంది. 2018 వరకు దాన్ని హావ్‌లాక్ అనేవారు. ఓడలో ఇంకా ఆ పేరే వినిపించింది. అక్కడ మా నాందేడుకంటే గంటకు పైగా ముందే తెల్లవారుతుంది. గడియారం ఒకటే, సూర్యుడు వేరు. ఈ సంగతి కూడా నేను పాఠంగా చెప్పినదే. పొద్దున్నే కళ్ళు నులుముకుంటూ బయటికి వస్తే ఎండ అప్పటికే కొబ్బరి చెట్ల తలలమీద ఉంది.

సముద్రంలో మునగడం నేర్పే చోట్లు ఆ ద్వీపంలో చాలా ఉన్నాయి. ఈత రానివాళ్ళను కూడా ఒక పూట పక్కన ఉండి తీసుకువెళతారు. వెన్నంటే ఒక మనిషి ఉంటాడు, పన్నెండు మీటర్లకంటే లోతుకు తీసుకుపోరు. నాకు ఈత రాదు. మా అమ్మ తమ్ముణ్ణి గోదావరి తీసుకుపోయింది. ఆ తర్వాత మా అమ్మ మమ్మల్ని మోకాలి లోతు దాటనిచ్చింది లేదు. కనుక అరవై ఒకటో ఏట నేను నీళ్ళలోకి దిగుతానంటే మా ఇంటామె ఏమన్నదో ఊహించండి.

“గీ వయసుల నీకు గిదేం పని? ఒడ్డు మీదికెళ్ళి సూస్తే కనబడదా?”

“కనబడదు. అందుకే పోతున్న.”

“పైలం మరి,” అని మణికట్టుకు కట్టుకున్న బాసర దారాన్ని ఒకసారి తడిమి చూసింది.

ముందు కాగితాలు. గుండె జబ్బు ఉందా, ఉబ్బసం ఉందా, చెవి ఆపరేషన్ అయిందా, మందులేమైనా వాడుతున్నారా అని చాలా ప్రశ్నలు. నలభై అయిదు దాటినవాళ్ళకు ఇంకొన్ని. నేను నాందేడులోనే డాక్టరు దగ్గర కాగితం రాయించుకుని వెళ్ళాను. మునిగిన తర్వాత కనీసం పద్దెనిమిది గంటలు విమానం ఎక్కకూడదని కూడా చెప్పారు. లోతున ఒత్తిడికి గాలిలోని నైట్రోజను రక్తంలో కరుగుతుంది. అది మెల్లగా బయటికి పోవాలి. పైన విమానంలో గాలి ఒత్తిడి తక్కువ కనుక తొందరపడితే సోడా సీసా మూత తీసినట్టవుతుంది.

నన్ను తీసుకువెళ్ళడానికి వచ్చిన అబ్బాయికి ముప్ఫై ఏళ్ళుంటాయి. ఎండకు కాగిన ఒళ్ళు, ఉప్పునీటికి రాగిరంగు తిరిగిన జుట్టు. హిందీలో చెప్పడం మొదలుపెట్టాడు. సిలిండరులో ఉన్నది ఆక్సిజను కాదు, మామూలు గాలే. 200 బార్ల ఒత్తిడితో కుక్కి పెట్టారు. నోట్లో పెట్టుకునే సాధనం మనకు కావలసినప్పుడు కావలసినంత గాలి వదులుతుంది. అలాంటి సాధనాన్ని ఫ్రాన్సులో కూస్తో, గాన్యాఁ అనే ఇద్దరు 1943లో తయారుచేశారు. అంతకు ముందు లోతుకు వెళ్ళేవాళ్ళలో చాలామందికి పైనుంచి గొట్టం ద్వారా గాలి పంపవలసి వచ్చేది.

ఇంతలో అతని ఫోను మోగింది. “అలాగేనమ్మా, తినీసినాను, ఇప్పుడు నీటిలోకి దిగిపోతన్నాను, మళ్ళీ సేస్తాను,” అన్నాడు.

“మీరు తెలుగువారా బాబూ?” అన్నాను.

అతను ఫోను జేబులో పెట్టుకోవడం కూడా మరచిపోయాడు. “మీరూ తెలుగోలేనా సార్? అమ్మగారూ మీరూ మాటాడుకుంటంటే ఇన్నాను. మాట తేడాగా ఉంటే మరాఠీవోలనుకున్నాను.”

మా తెలుగు అతనికి మరాఠీలా వినిపించింది. నవ్వొచ్చింది, గుండెలో చిన్న ముల్లు కూడా గుచ్చుకుంది. కాని అతని తెలుగు కూడా మా ఇంటామెకు సగమే అర్థమైంది. వాళ్ళ తాత సిక్కోలు వైపునుంచి వేటకు వచ్చి జంగ్లీఘాట్‌లో స్థిరపడ్డాడట. శ్రీకాకుళం, విశాఖపట్నం తీరాలనుంచి అలా వెళ్ళినవాళ్ళు ఆ ద్వీపాల్లో చాలామంది. 2011 జనాభా లెక్కల్లో అక్కడ ప్రతి 100 మందిలో 13 మంది మాతృభాష తెలుగు. బెంగాలీ, హిందీ, తమిళం తర్వాత మనదే.

ఆ తర్వాత పాఠమంతా తెలుగులో సాగింది. “నీటి కింద మాటుండదు సార్, సేతులే మాట,” అన్నాడు. చూపుడువేలు, బొటనవేలు కలిపి సున్న చుడితే బాగున్నానని. అరచెయ్యి అటూ ఇటూ ఊపితే ఏదో ఇబ్బంది అని, తర్వాత ఎక్కడ ఇబ్బందో వేలితో చూపించాలి. బొటనవేలు కిందికి పెడితే దిగుదామని, పైకెత్తితే పైకి పోదామని. “మనోలందరూ బావుందని బొటనేలు ఎత్తీస్తారు సార్. మీరెత్తేరంటే నాను పైకి లాగీస్తాను. బేరం అక్కడితో సరి.” మూడుసార్లు చెప్పించాడు. బడిలో నేను పిల్లలచేత చెప్పించినట్టే.

అన్నిటికంటే గట్టిగా చెప్పింది ఒకటి. ఊపిరి బిగపట్టకూడదు. నీటిలో పది మీటర్లు దిగితే ఒత్తిడి రెట్టింపవుతుంది. అక్కడ పీల్చిన గాలి పైకి వచ్చేసరికి రెట్టింపు చోటు అడుగుతుంది. ఊపిరి బిగపట్టి పైకి వస్తే ఊపిరితిత్తులు చిరిగిపోతాయి. పిల్లలకు సైన్సు మాస్టారు చెప్పే బాయిల్ సూత్రం ఇక్కడ ప్రాణం మీది సంగతి.

నడుములోతు నీళ్ళలో అరగంట సాధన చేయించాక అక్కడినుంచే లోపలికి నడిపించాడు. నీమో రీఫ్ అంటారు ఆ చోటును. తల మునగగానే నాకు వినిపించింది నా ఊపిరే. పీల్చినప్పుడు బుస, వదిలినప్పుడు బుడగల గలగల. మీటరుకోసారి ముక్కు మూసుకుని మెల్లగా గాలి ఊదితే చెవులు ‘టక్’మని తెరుచుకునేవి. అతను నా వెనక, సిలిండరు పట్టుకుని ఉన్నాడు. నాకు అతని ముఖం కనిపించదు. అప్పుడప్పుడు ముందుకు వచ్చే అతని చెయ్యి ఒక్కటే కనిపిస్తుంది. సున్న చుడతాడు, బాగున్నావా అని. నేనూ సున్న చుడతాను.

నాలుగు మీటర్ల దగ్గర కళ్ళద్దంలోకి కాసిని నీళ్ళు వచ్చాయి. ముక్కు తడవగానే మా మేనమామ గుర్తుకొచ్చాడు. గోదావరి రంగు గుర్తుకొచ్చింది. ఊపిరి వడివడిగా ఆడింది. చెయ్యి ఊపాను. వెనకనుంచి వచ్చిన చెయ్యి నా భుజాన్ని గట్టిగా పట్టుకుంది. రెండో చెయ్యి నా కళ్ళముందు మెల్లగా కిందికి, పైకి కదిలింది. నెమ్మది, నెమ్మది. ఆ చేతి కదలికకు నా ఊపిరి ఎప్పుడు కలిసిందో నాకు తెలియదు. అద్దం పైఅంచు నొక్కిపట్టి ముక్కుతో ఊదాను. ఇందాక నేర్పినట్టే నీళ్ళు కిందినుంచి పోయాయి. అతను సున్న చుట్టి అడిగాడు. నేను కాసేపు ఆగి సున్న చుట్టాను. ఆ కాసేపూ అతను తొందరపెట్టలేదు.

ఎనిమిది మీటర్ల లోతున దిబ్బ మొదలైంది. దుప్పి కొమ్ముల్లాంటివి, మనిషి మెదడులాంటివి, తిరగేసిన గొడుగుల్లాంటివి. నా మణికట్టు మీది ఎర్రదారం మట్టిరంగుకు తిరిగింది. సూర్యకాంతిలో ఎరుపును నీరు అన్నిటికంటే ముందు మింగేస్తుంది. చుట్టూ మీగడ రంగు ఇసుక. ఎక్కడినుంచో కటకటమని చప్పుడు వినిపిస్తూ ఉంది. అది చిలకముక్కు చేపలు దిబ్బను కొరికే చప్పుడు. రాతిని నమిలి, దానిమీది నాచును మింగి, మిగిలిన పొడిని ఇసుకగా వదులుతాయి. పగడపు దీవుల తెల్లని ఇసుకలో కొంత భాగం ఆ చేపల కడుపులోనుంచి వచ్చినదే. ఒక పెద్ద ఆల్చిప్ప నీలిపెదవులు తెరిచి ఉంది. నా నీడ పడగానే పెదవులు బిగించుకుంది. తాకితే కుట్టే తీగల నడుమ తెల్ల చారల నారింజ చేపలు దర్జాగా తిరుగుతున్నాయి. వాటిలో ప్రతిదీ మగదిగానే మొదలవుతుంది. గుంపులో అన్నిటికంటే పెద్దది ఆడది అవుతుంది. అది చనిపోతే తర్వాతి పెద్దది ఆడదిగా మారుతుంది.

దిబ్బమీద ఒకచోట పగడం జీవులు చిన్న చిన్న వేళ్ళు చాచి ఉన్నాయి. గడ్డిపువ్వుకంటే చిన్నవి. చెయ్యి దగ్గరికి పోనిస్తే అతను నా వేలు వెనక్కి లాగాడు. తాకకూడదు. నేను చూస్తూ ఉండిపోయాను. రాయా, చెట్టా, జంతువా అని అడిగిన పిల్లలందరూ, వాళ్ళ పేర్లు కూడా కొన్ని, ఆ నీటిలో నా కళ్ళముందుకు వచ్చాయి. ముప్ఫై నిమిషాలకు గాలి ముల్లు 200 నుంచి 80కి దిగింది. అతను బొటనవేలు ఎత్తాడు. బాగుందని కాదు, ఇక పైకి పోదామని.

ఒడ్డున మా ఇంటామె కొబ్బరినీళ్ళు పట్టుకుని నిలబడి ఉంది. ముగ్గురం ఇసుకలో కూర్చున్నాం. దిబ్బమీద అక్కడక్కడ తెల్లగా ఉన్నదేమిటని అడిగాను.

“2010లో నాను గుంటడిని సార్. సంద్రం ఏడెక్కిపోయి అంతా తెల్లబడిపోనాదని మావోలు సెప్పీవోరు. 2016లో నాను కళ్ళారా సూసినాను. కొంత మళ్ళీ రంగొచ్చింది. కొంత రాలేదు.”

సముద్రం వేసవి గరిష్ఠ వేడికంటే ఒక్క డిగ్రీ ఎక్కువై కొన్ని వారాలు అలాగే ఉంటే, పగడం తన ఒంట్లోని నాచును బయటికి నెట్టేస్తుంది. రంగు నాచుదే, తిండిలో చాలాభాగం నాచు పెట్టేదే. నాచు పోతే ఒంటిలోంచి ఎముకలాంటి తెల్ల సున్నం కనిపిస్తుంది. కాని తెల్లబడగానే చచ్చినట్టు కాదు. కొన్నాళ్ళు ఆకలితో బతికే ఉంటుంది. ఆలోగా నీరు చల్లబడితే నాచు మళ్ళీ వచ్చి చేరుతుంది. చల్లబడకపోతే పాచి పడుతుంది. 1998 నుంచి ప్రపంచమంతటా ఇది పెద్ద ఎత్తున జరుగుతూ వస్తున్నది. నాలుగో విడత నడుస్తున్నదని 2024 ఏప్రిల్‌లో శాస్త్రజ్ఞులు ప్రకటించారు.

మా ఇంటామె మెడలోని పగడాలు చూపించి, “గివి గవేనా?” అని అడిగింది. కాదు. నగల్లోని ఎర్రపగడం వేరే జాతి, దిబ్బ కట్టేది కాదు. అండమాను దిబ్బ రాయిని ముక్క కూడా ఇంటికి తేకూడదు. 2001 నుంచి మన వన్యప్రాణుల చట్టంలో దానికి పులితో సమానమైన రక్షణ ఉంది.

మాటలమీద అతని ఇంటి సంగతి వచ్చింది. అక్కడి ప్రభుత్వ బడుల్లో తెలుగు మాధ్యమం కూడా ఉంటూ వచ్చింది. అతని తల్లి ఎనిమిదో తరగతి దాకా తెలుగులోనే చదువుకుంది. అతనిది హిందీ మాధ్యమం. ఆరేళ్ళ కూతురిది ఇంగ్లీషు. “మాటాడతాను సార్, సదవలేను. అమ్మ ఫోనులో అచ్చరాలు పెడతాది. నాను మాట పెడతాను.”

ఎంత తేలిగ్గా అన్నాడు! నేను చాలాసేపు ఆ మాట దగ్గరే ఆగిపోయాను. తల్లి రాసింది కొడుక్కి అందదు. పక్కింటివాళ్ళచేత చదివించుకుంటాడట. తల్లి రాయడం మానలేదు.

నీటి అడుగున రాసుకోవడానికి వాళ్ళ దగ్గర ఒక పలక ఉంటుంది, తెల్లటి ప్లాస్టిక్ పలక, దారానికి కట్టిన పెన్సిలు. అతను అది నా చేతికిచ్చి, “పాప పేరు తెలుగులో రాయండి సార్,” అన్నాడు. మూడక్షరాల పేరు. పెద్దగా రాశాను. కింద అతని పేరు, దానికింద వాళ్ళ అమ్మ పేరు రాశాను. అతను ఒక్కొక్క అక్షరం మీద వేలు పెట్టి ఏది ఏదని అడిగాడు. ముగ్గురి పేర్లలోనూ ఉన్న ఒక అక్షరాన్ని తనంతట తానే గుర్తుపట్టి, మా ఇంటామెకు చూపించాడు. ఆమె “మస్తు!” అన్నది. ఆ మాట మాత్రం అతనికి వెంటనే అర్థమైంది. మధ్యాహ్నం ఇంకొకరిని తీసుకుపోవాలి, పలక కావాలి. ఫోనుతో ఫొటో తీసుకుని, చెరపకుండా ఆ పలక పక్కన పెట్టి వేరే పలక తీసుకున్నాడు.

మార్చి సమావేశంలో నేను ఈ సంగతి అంతా చెప్పలేదు. ఒక్కటే అన్నాను. నలుగురు పిల్లలంటే నాలుగు ఇళ్ళు. ఆ నాలుగు ఇళ్ళల్లో అమ్మ రాసింది బిడ్డకు అందుతుంది. మాట ఉన్నంతకాలం అక్షరం తిరిగి రావడానికి చోటు ఉంటుంది. మాట కూడా పోయాక మనం ఎంత మంచి పుస్తకాలు అచ్చువేసినా పాచి మీద నీళ్ళు చల్లినట్టే. ఒకాయన, “నలుగురి కోసం గది అద్దె ఎవరిస్తారు?” అన్నాడు. న్యాయమైన ప్రశ్న. గది వదిలేశాం. ఇప్పుడు తరగతి మా ఇంటి వరండాలో నడుస్తున్నది. చాప మాది, చాయ్ కూడా మాదే.

అండమానుకు ఒక అక్షరాల పుస్తకమూ, రెండు కాపీ పుస్తకాలూ రిజిస్టరు పోస్టులో పంపాను. నెల తర్వాత ఫోనులో అతని గొంతు వచ్చింది: “పుస్తకం అందీసింది సార్. గుంటకి అమ్మ సెప్తంది, పక్కన కూకుని నానూ దిద్దుతన్నాను. గుంట ‘ణ’ కాడికి ఎల్లిపోనాది. నాను ఇంకా ‘ఝ’ కాడే ఉన్నాను. ఆ అచ్చరం శానా కట్టంగా ఉంది సార్.”

ఆ ఆదివారం వరండాలో పిల్లలకు అది వినిపించాను. వాళ్ళు ఆ యాసకు విరగబడి నవ్వారు. తర్వాత వాళ్ళలో ఒక పిల్ల, ఆమెదీ ‘ఝ’ దగ్గర తడబాటే, పలక తీసుకుని పక్కకు వెళ్ళి కూర్చుంది.